గరిమెళ్ళ సత్యనారాయణ

గరిమెళ్ళ సత్యనారాయణ (1893 జూలై 14 - 1952 డిసెంబరు 18) స్వాతంత్ర్యోద్యమ కాలపు తెలుగు కవులలో ప్రముఖుడు, గాయకుడు, పాత్రికేయుడు. సహాయ నిరాకరణోద్యమ కాలంలో ఆయన రచించిన మాకొద్దీ తెల్లదొరతనము అనే పాట ఆంధ్రదేశమంతటా మారుమ్రోగింది. ఆంగ్ల ప్రభుత్వం తన పాలన గురించి తానే చెప్పుకుంటున్న గొప్పలను సామాన్యుని అనుభవంతో పోల్చి ఎగతాళి చేసిన రాజకీయ వ్యంగ్య గీతమిది. ఈ పాట పాడిన నేరానికే ఆయన రెండుసార్లు కారాగార శిక్ష అనుభవించాడు. దేశానికి స్వాతంత్ర్యం వచ్చిన తరువాత ఆయన కడు పేదరికంలో మరణించాడు.

బాల్యం, విద్య

గరిమెళ్ళ సత్యనారాయణ 1893 జూలై 14న నరసన్నపేట సమీపంలోని గోనెపాడు గ్రామంలో ఒక సామాన్య కుటుంబంలో జన్మించాడు. తల్లి సూరమ్మ, తండ్రి వేంకట నరసింహం. ఆయన బాల్యం ప్రియాగ్రహారంలో గడిచింది. అప్పట్లో ఈ ప్రాంతం మద్రాసు రాష్ట్రంలోని గంజాం జిల్లాలో ఉండేది. 1936లో ఒరిస్సా రాష్ట్రం ఏర్పడినప్పుడు గంజాం జిల్లాలోని తెలుగు ప్రాంతాలు విశాఖపట్నం జిల్లాలో కలిశాయి. 1950లో ఆ జిల్లా నుండి శ్రీకాకుళం జిల్లా ఏర్పడింది.

పేదరికం వలన చదువు సాగడం కష్టమైంది. కన్నేపల్లి నరసింహారావు అనే న్యాయవాది ఆదరించి సహాయం చేయడంతో సత్యనారాయణ బి.ఏ. వరకు చదువగలిగాడు. ఆ రోజుల్లో పల్లెటూరి పేద కుటుంబం నుండి వచ్చిన యువకుడు పట్టభద్రుడు కావడం అరుదైన విషయం. బి.ఏ. పట్టా ఉంటే ప్రభుత్వోద్యోగం, పింఛను, సంఘంలో గౌరవం లభించేవి. తరువాతి కాలంలో ఆయన వదులుకొన్నది ఎంతటిదో తెలియాలంటే ఈ విషయం గుర్తుంచుకోవాలి.

ఉద్యోగం, ఉద్యమ ప్రవేశం

చదువు ముగిసిన తరువాత సత్యనారాయణ గంజాం కలెక్టరు కార్యాలయంలో గుమాస్తాగా పనిచేశాడు. ఆపైన విజయనగరంలో ఉన్నత పాఠశాల ఉపాధ్యాయుడయ్యాడు. ఈ రెండు ఉద్యోగాలు చేసినవాడు కాబట్టి ప్రభుత్వం కాగితాల మీద ఎలా నడుస్తుందో, తరగతి గదిలో ఎలా కనిపిస్తుందో ఆయనకు దగ్గరగా తెలుసు.

ఉపాధ్యాయ శిక్షణ కోసం ఆయన రాజమహేంద్రవరం చేరాడు. 1920 సెప్టెంబరులో కలకత్తాలో జరిగిన కాంగ్రెసు ప్రత్యేక సమావేశం గాంధీజీ ప్రతిపాదించిన సహాయ నిరాకరణ కార్యక్రమాన్ని ఆమోదించింది. విద్యార్థులు ప్రభుత్వ విద్యాలయాలను, న్యాయవాదులు న్యాయస్థానాలను, ప్రజలు శాసనసభల ఎన్నికలను, విదేశీ వస్త్రాలను బహిష్కరించాలన్నది ఆ కార్యక్రమం. సత్యనారాయణ శిక్షణను మధ్యలోనే విడిచి ఉద్యమంలో చేరాడు. అప్పటికి ఆయన వయస్సు 27 సంవత్సరాలు.

నాటి ప్రభుత్వ ప్రచారం

ఈ పాట అంతగా ఎందుకు నాటుకొన్నదో తెలుసుకోవాలంటే, ఆనాటి ప్రభుత్వం తనను గురించి ఏమి చెప్పుకొనేదో కొంత తెలుసుకోవాలి.

మద్రాసు ప్రభుత్వం ఏటేటా పరిపాలనా నివేదికను ప్రచురించేది. అందులో భూమి శిస్తు, ఉప్పు, అబ్కారీ, న్యాయస్థానాలు, జైళ్ళు, పోలీసు, విద్య, వైద్యం వంటి శాఖలకు వేరువేరుగా అధ్యాయాలు ఉండేవి. భారత ప్రభుత్వం కూడా దేశపు నైతిక, భౌతిక ప్రగతిని వివరించే వార్షిక నివేదికను బ్రిటిషు పార్లమెంటుకు సమర్పించేది. మొదటి ప్రపంచ యుద్ధ కాలంలో ప్రచారం మరింత వ్యవస్థీకృతమైంది. యుద్ధ ఋణ పత్రాలు అమ్మడానికి, సైన్యంలో చేర్చుకోవడానికి, ప్రజలలో రాజభక్తి నిలపడానికి ప్రభుత్వం ప్రత్యేక ప్రచార సంఘాలను ఏర్పాటు చేసింది. యుద్ధానంతరం ఈ పని కేంద్ర సమాచార శాఖకు చేరింది. 1920 నుండి 1926 వరకు దాని డైరెక్టరుగా ఉన్న రష్‌బ్రూక్ విలియమ్స్ వృత్తిరీత్యా చరిత్రకారుడు. ఆయన హయాంలో వార్షిక నివేదికలు సామాన్య పాఠకులు సులభంగా చదువుకొనే పుస్తకాలుగా వెలువడ్డాయి.

పాఠశాలలలో కూడా ఇదే బోధ జరిగేది. రైళ్ళు, తంతి, తపాలా, కాలువలు ఆంగ్ల పాలన ప్రసాదించిన వరాలని పాఠ్యపుస్తకాలు చెప్పేవి. ఏటా మే 24న సామ్రాజ్య దినోత్సవం జరిపేవారు. 1911లో జరిగిన ఢిల్లీ దర్బారు చక్రవర్తి వైభవాన్ని దేశానికి చూపడానికి చేసిన అతి పెద్ద ప్రదర్శన. 1921 నవంబరు 17న వేల్సు యువరాజు బొంబాయిలో దిగి దేశమంతా పర్యటించడం కూడా ఇటువంటిదే. కాంగ్రెసు ఆ పర్యటనను బహిష్కరించింది.

1919 నాటి చట్టం ప్రకారం రాష్ట్రాలలో ద్వంద్వ పాలన వచ్చింది. విద్య, ఆరోగ్యం, స్థానిక పరిపాలన, అబ్కారీ వంటి శాఖలు భారతీయ మంత్రులకు దక్కాయి. పోలీసు, భూమి శిస్తు వంటివి గవర్నరు, ఆయన కార్యనిర్వాహక మండలి చేతిలోనే ఉండిపోయాయి. దీనిని ప్రభుత్వం స్వపరిపాలన వైపు పెద్ద అడుగుగా చాటింది. అదే సంవత్సరం విచారణ లేకుండా నిర్బంధించే రౌలట్ చట్టం వచ్చింది. ఏప్రిల్ 13న అమృతసరంలోని జలియన్‌వాలా బాగులో కాల్పులు జరిగాయి. యుద్ధం తెచ్చిన ధరల పెరుగుదల, 1918 నాటి ఇన్‌ఫ్లూయెంజా జ్వరాలు ప్రజలను అప్పటికే క్రుంగదీశాయి. నివేదికలోని ప్రగతికి, ఇంటిలోని పరిస్థితికి మధ్య ఇంత దూరం ఉన్న సమయంలో గరిమెళ్ళ పాట వెలువడింది.

మాకొద్దీ తెల్లదొరతనము

ఇది దీర్ఘమైన పాట. తెల్లవారి పాలన తమకు అక్కరలేదని భగవంతునితో మొరపెట్టుకొనే పల్లవి ప్రతి చరణం తరువాత తిరిగి వస్తుంది. ఒక్కొక్క చరణంలో ప్రజల కష్టం ఒకటి చొప్పున వస్తుంది. పాడేది ఒక సామాన్యుడు. అతని మాటలో పాండిత్యం లేదు. అండీ అంటూ మర్యాదగానే మాట్లాడతాడు. ఆ మర్యాద వల్లనే ఎగతాళి మరింత పదునెక్కింది.

పాటలోని అంశాలను వరుసగా పరిశీలిస్తే అవి ప్రభుత్వ వార్షిక నివేదికలోని శాఖలతో సరిపోలడం గమనించవచ్చు. నివేదికలో అధికారి చెప్పిన లెక్కకు పాటలో పన్ను కట్టినవాడు జవాబు చెప్పినట్లుంటుంది.

మొదటిది తిండి. దేశంలో పంటలకు కొరత లేకున్నా పండించినవానికి కడుపు నిండా అన్నం లేదని పాట ఆరోపిస్తుంది. వీధికుక్కతో సమానమైన బ్రతుకును చూపి వినేవారిని నవ్వించి, వెంటనే సిగ్గుపడేటట్లు చేస్తుంది.

రెండవది ఉప్పు. ఉప్పు తయారీ, అమ్మకం ప్రభుత్వ నియంత్రణలో ఉండేవి. పన్ను చెల్లించకుండా ఉప్పును సేకరించడం నేరం. తీరప్రాంతంలో చినగంజాం, కనుపర్తి వంటి చోట్ల ఉప్పు పండేది. ఆ ప్రక్కనే కాపురమున్న పేదవాడు కూడా దానిని స్వేచ్ఛగా తీసుకోవడానికి వీలు లేదు. సముద్రానికి దూరంగా ఉన్న కురిచేడు, దర్శి, మార్కాపురం, గిద్దలూరు వంటి మెట్ట ప్రాంతాల వారికి రవాణా ఖర్చు అదనం. పిడికెడు ఉప్పును ముట్టుకోవడమే తప్పుగా మారిన ఈ వింతను పాట ఒక్క మాటలో పట్టుకొంది. గాంధీజీ దండి యాత్ర 1930లో జరిగింది. దానికి సుమారు పదేళ్ళ ముందే ఈ తెలుగు పాట ఉప్పును పరాయి పాలనకు గుర్తుగా నిలబెట్టింది.

మూడవది మద్యం. అబ్కారీ మద్రాసు ప్రభుత్వపు ముఖ్య ఆదాయ మార్గాలలో ఒకటి. కల్లు, సారా దుకాణాలను వేలం వేసి ప్రభుత్వం సొమ్ము రాబట్టేది. నివేదికలో ఇది ఆదాయపు పద్దు. పాటలో ఇది ఇల్లాలి మెడలోని పుస్తెల దాకా వచ్చిన దోపిడి. 1921లో ఆంధ్ర జిల్లాలలో కాంగ్రెసు వాదులు దుకాణాల వేలాన్ని బహిష్కరించాలని ప్రచారం చేసినప్పుడు ఈ చరణం బాగా ఉపయోగపడింది.

నాలుగవది చదువు. గాంధీ టోపీ ధరించిన బాలుని చూసి, రాట్నాన్ని చూసి పాఠశాల అధికారులు కలవరపడడాన్ని పాట హేళన చేస్తుంది. సూర్యుడు అస్తమించని సామ్రాజ్యం నూలు వడికే కొయ్య చక్రానికి బెదిరిపోవడమే ఇక్కడి వ్యంగ్యం. ఉపాధ్యాయుడుగా పనిచేసిన గరిమెళ్ళకు ఈ కలవరం స్వయంగా తెలిసినదే. నోరు తెరిచి మాట్లాడనివ్వని నిర్బంధాన్ని కూడా పాట ఇదే ధోరణిలో ప్రస్తావిస్తుంది.

ఈ పాటలో రాజును చంపమని గాని, అధికారులను కొట్టమని గాని పిలుపు లేదు. ఉన్నదల్లా కష్టాల జాబితా, ఎగతాళి, భగవంతునితో మొర. అయినా ప్రభుత్వానికి ఇది ప్రమాదకరంగా తోచింది. పాలన ప్రజల మేలు కోసమే అన్న నమ్మకం మీద దాని ప్రతిష్ఠ నిలిచి ఉంది. ఆ నమ్మకాన్నే ఈ పాట నవ్వులపాలు చేసింది.

ప్రచారమైన విధం

ఆ కాలంలో ఆంధ్రదేశంలో చదువను, వ్రాయను వచ్చినవారు చాలా తక్కువ. వార్తాపత్రిక చదివేవారు మరీ తక్కువ. రేడియో లేదు. ప్రభుత్వ ప్రకటనలు దండోరా ద్వారాను, గ్రామాధికారుల ద్వారాను తెలిసేవి. కనుక జాతీయోద్యమ నాయకులు పాట, పద్యం, హరికథ, నాటకం ఆధారంగా ప్రజలను మేల్కొలపవలసి వచ్చింది. గరిమెళ్ళ ఊరూరా తిరిగి తన పాటను తానే పాడాడు. అచ్చు ప్రతులు కొద్ది వెలకు అమ్ముడయ్యేవి. ఒకసారి విన్నవారు పల్లవిని మరచిపోలేకపోయేవారు. తక్కిన చరణాలను ఎవరికి గుర్తున్నంతవరకు వారు పాడుకొనేవారు.

పాట వాడుక భాషలో ఉండడం కూడా దాని వ్యాప్తికి కారణం. గిడుగు రామమూర్తి, గురజాడ అప్పారావు వాడుక భాష కోసం కృషి చేసినది కూడా ఉత్తరాంధ్రలోనే. గురజాడ 1915లో మరణించాడు. ఆ వాదం పండితుల సభలలో ఇంకా తేలకుండానే, గరిమెళ్ళ పాట వాడుక భాషకున్న శక్తిని సంతలలోను, సభలలోను రుజువు చేసింది.

ఆంధ్రదేశంలో ఈ పని చేసినవాడు గరిమెళ్ళ ఒక్కడే కాదు. చిలకమర్తి లక్ష్మీనరసింహం అంతకు ముందే దేశాన్ని పాడి ఆవుతోను, పాలకులను పాలు పిండుకొనే గొల్లవారితోను పోల్చి ఆశువుగా పద్యం చెప్పి ఉన్నాడు. దామరాజు పుండరీకాక్షుడు సమకాలీన రాజకీయాలను నాటకాలుగా వ్రాసి నిషేధానికి గురయ్యాడు. దుగ్గిరాల గోపాలకృష్ణయ్య చాటువులతోను, జానపద కళలతోను, రామదండు అనే స్వచ్ఛంద దళంతోను చీరాలలో ఉద్యమం నడిపాడు. 

చీరాల, పేరాల గ్రామాలను ప్రభుత్వం పురపాలక సంఘంగా మార్చినప్పుడు దానిని అభివృద్ధిగా చూపింది. ప్రజలకు మాత్రం ఏడాదికి సుమారు 4,000 రూపాయలుగా ఉన్న పన్ను 40,000 రూపాయలకు పెరగడమే కనిపించింది. 1921లో సుమారు 15,000 జనాభాలో 13,000 మందికి పైగా ఇండ్లు విడిచి, రామనగరం అనే పేరుతో ఊరి వెలుపల పాకలు వేసుకొని నెలల తరబడి నివసించారు. పల్నాడులో అటవీ నిబంధనల మీద, పెదనందిపాడులో భూమి శిస్తు మీద ప్రజలు తిరగబడ్డారు. అప్పట్లో మార్కాపురం, గిద్దలూరు కర్నూలు జిల్లాలో, దర్శి, పొదిలి నెల్లూరు జిల్లాలో, ఒంగోలు, చీరాల గుంటూరు జిల్లాలో ఉండేవి. 1970లో ఈ మూడు జిల్లాల భాగాలతో ఒంగోలు జిల్లా ఏర్పడి, 1972లో ప్రకాశం జిల్లాగా పేరు మారింది. జిల్లా ఏదైనా కష్టాల జాబితా ఒకటే కావడం వలన శ్రీకాకుళ ప్రాంతపు కవి కట్టిన పాట దక్షిణాన కూడా సొంత పాటే అయింది.

అరెస్టు, జైలు జీవితం

పాట వ్యాప్తి చెందడంతో గోదావరి జిల్లా అధికారులు గరిమెళ్ళ మీద దృష్టి పెట్టారు. కలెక్టరు బ్రాకెన్ ఆయనను పిలిపించి పాటను పూర్తిగా పాడించుకొన్నాడనీ, తనకు తెలుగు రాకపోయినా ఆ పాటకు గల శక్తిని గ్రహించగలిగానని అన్నాడనీ ఒక కథనం ప్రసిద్ధిలో ఉంది. ప్రభుత్వం పాటను నిషేధించింది. 1922లో గరిమెళ్ళకు ఒక సంవత్సరం కఠిన కారాగార శిక్ష పడింది.

1923లో విడుదలైన తరువాత ఆయన మౌనంగా ఉండలేదు. తిరిగి గ్రామాలకు వెళ్ళి అదే పాట పాడాడు. ప్రభుత్వం మళ్ళీ అరెస్టు చేసింది. ఈసారి రెండున్నర సంవత్సరాల శిక్ష పడింది. ఆయన జైలులో ఉండగా తండ్రి మరణించాడు. క్షమాపణ చెబితే విడిచిపెడతామని అధికారులు తెలిపినా అందుకు ఆయన అంగీకరించలేదు.

క్షమాపణ కోరడంలో ప్రభుత్వానికి ఒక ప్రయోజనం ఉంది. శిక్ష అనుభవించి వచ్చిన కవి ప్రజల దృష్టిలో వీరుడవుతాడు. క్షమాపణ పత్రం మీద సంతకం చేసిన కవి పాడిన పాట తప్పని తానే ఒప్పుకొన్నట్లవుతుంది. అటువంటి పత్రం ప్రభుత్వ ప్రచారానికి ఏ నివేదిక కన్న గొప్పగా పనికివచ్చేది. గరిమెళ్ళ నిరాకరణకు ఈ అర్థం కూడా ఉంది. దానికి ఆయన కుటుంబం చెల్లించిన మూల్యం పెద్దది.

1922 ఫిబ్రవరిలో చౌరీచౌరా ఘటన తరువాత గాంధీజీ సహాయ నిరాకరణను ఆపివేశాడు. 1923లో కేంద్ర ప్రభుత్వం ఉప్పు పన్నును మణుగుకు 1 రూపాయి 4 అణాల నుండి 2 రూపాయల 8 అణాలకు రెట్టింపు చేసింది. నిరసనల తరువాత 1924లో పాత రేటుకు తగ్గించింది. మన్యంలో అల్లూరి సీతారామరాజు తిరుగుబాటు 1922లో మొదలై 1924 మే 7న ఆయన మరణంతో వెనుకబట్టింది. ఈ కాలంలో ఎక్కువ భాగం గరిమెళ్ళ జైలు గోడల మధ్యనే గడిపాడు.

ఇతర రచనలు

మాకొద్దీ తెల్లదొరతనము ప్రసిద్ధి వలన గరిమెళ్ళ ఇతర రచనలు మరుగున పడ్డాయి. భరతమాతకు నమస్కరించే దండాలు దండాలు భారతమాత అనే పాట కూడా ఆయనదే. స్వరాజ్య గీతములు, హరిజన పాటలు, బాలగీతాలు, ఖండకావ్యాలు ఆయన పద్య గేయ రచనలు. హరిజన పాటలలో ఆయన పరాయి పాలకుల మీద మాత్రమే గాక, సొంత సమాజంలోని అంటరానితనం మీద కూడా దృష్టి పెట్టాడు.

ఆయనకు తెలుగుతో పాటు ఇంగ్లీషు, తమిళ భాషలలో ప్రవేశం ఉంది. తమిళం నుండి తిరుక్కురళ్, నాలడియార్ గ్రంథాలను తెలుగులోకి అనువదించాడు. భోగరాజు పట్టాభి సీతారామయ్య ఇంగ్లీషులో వ్రాసిన, ఆంగ్లేయులు భారతదేశాన్ని ఆర్థికంగా జయించిన తీరును వివరించే గ్రంథాన్ని కూడా తెలుగు చేశాడు. పాటలో ఎగతాళిగా చెప్పిన విషయాలే ఆ గ్రంథంలో ఆర్థికశాస్త్ర రీతిలో కనిపిస్తాయి.

పత్రికా జీవితం

జైలు నుండి వచ్చిన తరువాత గరిమెళ్ళకు ప్రభుత్వోద్యోగ మార్గం మూసుకుపోయింది. ఆయన మద్రాసు చేరి పత్రికలలో పనిచేశాడు. గృహలక్ష్మి పత్రికకు సంపాదకత్వం వహించాడు. ఆచార్య రంగా నడిపిన వాహిని పత్రికలోను, ఆంధ్రప్రభ, ఆనందవాణి పత్రికలలోను కొంతకాలం పనిచేశాడు. ఏ ఉద్యోగమూ ఎక్కువ కాలం నిలువలేదు. వ్యాసాలు, అనువాదాలు వ్రాసి అప్పుడప్పుడు వచ్చే పారితోషికంతో జీవించవలసి వచ్చింది.

చివరి రోజులు

గరిమెళ్ళ చివరి సంవత్సరాలు చాలా దుర్భరంగా గడిచాయి. ఒక కంటి చూపు పోయింది. పక్షవాతం వచ్చింది. కొంతకాలం యాచన మీద బ్రతుకవలసి వచ్చింది. 1947లో స్వాతంత్ర్యం వచ్చింది. ఆయన పాటలో కోరిన కోరిక నెరవేరింది. పట్టెడన్నం మాత్రం ఆయనకు సమకూడలేదు.

1952 డిసెంబరు 18న ఆయన మరణించాడు. ఆ రోజులలో ఆంధ్రదేశం మరొక విషాదంలో ఉంది. ప్రత్యేకాంధ్ర రాష్ట్రం కోసం మద్రాసులో 58 రోజులు నిరాహార దీక్ష చేసిన పొట్టి శ్రీరాములు డిసెంబరు 15 రాత్రి కన్నుమూశాడు. కోస్తా పట్టణాలలో అల్లర్లు చెలరేగాయి. డిసెంబరు 19న ప్రధాని నెహ్రూ ఆంధ్ర రాష్ట్ర ఏర్పాటును ప్రకటించాడు. తెలుగువారి రాష్ట్రం ఖాయమైన ప్రకటనకు ఒక్కరోజు ముందు తెలుగువారి స్వరాజ్య గాయకుడు వెళ్ళిపోయాడు.

స్వతంత్ర భారతంలో పాట

స్వాతంత్ర్యోద్యమంలో పాటకు, జానపద కళలకు గల శక్తిని స్వతంత్ర ప్రభుత్వం కూడా గుర్తించింది. పంచవర్ష ప్రణాళికలను ప్రజలకు వివరించడానికి కేంద్ర ప్రభుత్వం 1954లో సాంగ్ అండ్ డ్రామా డివిజన్‌ను నెలకొల్పింది. రాష్ట్ర సమాచార, పౌరసంబంధాల శాఖలు కూడా బుర్రకథ, హరికథ, నాటక దళాలను ఉపయోగించుకొన్నాయి. కుటుంబ నియంత్రణ, అక్షరాస్యత, మద్యపాన నిషేధం, ఆరోగ్యం వంటి అంశాల మీద ఊరూరా కళాజాతలు జరిగాయి. ప్రభుత్వాన్ని ప్రశ్నించడానికి పుట్టిన పాట ఇలా ప్రభుత్వం తరఫున చెప్పే పాటగా కూడా మారింది. ఈ ప్రచారాలలో ప్రజలకు మేలు చేసినవి ఉన్నాయి, పాలకుల పేరు పెంచడానికే పరిమితమైనవీ ఉన్నాయి. ఆ రెంటికి తేడా తెలుసుకోవడానికి గరిమెళ్ళ చూపిన కొలత సరళమైనది. ప్రకటనలో చెప్పిన మాట ఇంటిలోకి అన్నంగా, ఉప్పుగా, చదువుగా చేరిందా లేదా అన్నదే ఆ కొలత.

స్వాతంత్ర్య సమరయోధులకు కేంద్ర ప్రభుత్వ పింఛను పథకం 1972లో, స్వాతంత్ర్య రజతోత్సవ సందర్భంగా మొదలైంది. అదే సందర్భంలో తామ్రపత్రాలు కూడా ఇచ్చారు. అప్పటికి గరిమెళ్ళ మరణించి దాదాపు 20 సంవత్సరాలు గడిచాయి. ఆయన పాట మాత్రం పాఠ్యపుస్తకాలలోను, జాతీయ పండుగల కార్యక్రమాలలోను చోటు సంపాదించుకొంది. ఒకప్పుడు పాఠశాలకు గాంధీ టోపీ రాకూడదన్న ఆజ్ఞను ఎగతాళి చేసిన పాటను ఇప్పుడు పాఠశాలలోనే పిల్లల చేత పాడిస్తున్నారు.

సాహిత్య స్థానం

తెలుగు జాతీయోద్యమ కవిత్వంలో దేశభక్తిని ఉదాత్తమైన పదాలతో వర్ణించిన గీతాలు అనేకం ఉన్నాయి. గరిమెళ్ళ పాట వాటికి భిన్నమైనది. అందులో గతవైభవ వర్ణన తక్కువ, నిత్యజీవితపు లెక్క ఎక్కువ. కోపాన్ని నవ్వుగా మార్చి చెప్పడం వలన అది భయపడేవారి చేత కూడా పాడించగలిగింది. పరాయి ప్రభుత్వం పోయినా పాట నిలిచి ఉండడానికి కారణం కూడా ఇదే. ఏ ప్రభుత్వమైనా తన గురించి తాను చెప్పుకొన్నదానిని పౌరుడు తన అనుభవంతో సరిచూసుకొనే హక్కును ఈ పాట ఆధారం చేసుకొంది. ఆ హక్కు వినియోగించుకొన్నందుకు గరిమెళ్ళ సత్యనారాయణ ఉద్యోగాన్ని, ఆరోగ్యాన్ని, జీవితంలో మూడున్నర సంవత్సరాలను కోల్పోయాడు.